మోటార్‌సైకిల్ ఆడియోకు మ్యూజిక్ ప్లేయర్ కలపడం: ముందు పాట, తరువాతే చార్జింగ్

స్పీకర్లున్న పెద్ద టూరింగ్ బండి కొన్న ప్రతివారూ మొదటి వారంలోనే చేసే పని ఒకటుంది. పాటలు నింపిన ఐపాడ్‌నో పాత ఫోనునో తెచ్చి, ఆడియో తీగ గుచ్చి, చార్జర్ కూడా తగిలించి, బండి స్టార్ట్ చేస్తారు. పాట వస్తుంది. దాని వెనకే సన్నగా ఒక కూత కూడా వస్తుంది. యాక్సిలరేటర్ తిప్పితే కూత స్థాయి పెరుగుతుంది, వదిలితే దిగుతుంది. నా బండిలో మొదటిసారి విన్నప్పుడు అది ఇంజనులోంచి వస్తోందనుకున్నాను. అనుమానం వచ్చి ప్లేయర్ నుంచి చార్జర్ పిన్ను పీకాను. కూత టక్కున ఆగింది, పాట మాత్రం మిగిలింది.

నేను టెక్సస్‌లో ఉంటాను. ఆ తరువాత నా బండికీ, ఇక్కడి తెలుగు మిత్రుల బండ్లకూ ఈ పని చేసేటప్పుడు ఒక క్రమం పెట్టుకున్నాను. ముందు పాటను కలపాలి, అది శుభ్రంగా వినిపించాకే చార్జింగ్ జోలికి వెళ్ళాలి. రెండూ ఒకేసారి కలిపితే చప్పుడు ఎటునుంచి వస్తోందో ఎవరికీ అంతుపట్టదు. మెకానిక్కుకు డబ్బు పోస్తారు, స్పీకర్లు మారుస్తారు, చివరికి రేడియోను తప్పుపడతారు. మీరు అలా చేయకండి.

ముందుగా మీ బండిలో ఏముందో చూడండి

బండితో వచ్చిన పుస్తకం తీసి ఆడియో అధ్యాయం చదవండి. జాక్ ఎక్కడుందో అందులోనే ఉంటుంది. కొన్ని బండ్లలో ముందు ఫెయిరింగ్ (గాలికి అడ్డంగా ఉండే ప్లాస్టిక్ కవచం) జేబులో, కొన్నింటిలో వెనక డిక్కీలో లోపలి అంచున పెడతారు. సెకండ్ హ్యాండ్ బండి అయితే పాత యజమాని దాన్ని టేపుతో చుట్టి లోపలికి తోసి ఉండవచ్చు. టార్చి వేసి వెతకండి.

మీకు కనిపించేది మూడు రకాల్లో ఒకటి కావచ్చు. మొదటిది 3.5 మిల్లీమీటర్ల గుండ్రటి రంధ్రం, అంటే మామూలు ఇయర్‌ఫోను జాక్. దీన్నే ఆక్స్ అంటారు. రెండోది యూఎస్‌బీ. మూడోది బ్లూటూత్, దీనికి రంధ్రమేమీ ఉండదు. హోండా గోల్డ్‌వింగ్‌కు 2012 మోడల్‌తో ఐపాడ్, యూఎస్‌బీ కలిపే వీలు వచ్చింది. హార్లీ డేవిడ్‌సన్ టూరింగ్ బండ్లకు 2014 మోడల్ నుంచి కొత్త బూమ్ బాక్స్ ఆడియోతో పాటు యూఎస్‌బీ, బ్లూటూత్ వచ్చాయి. ఐఫోన్‌లోని పాటలు, మ్యాపులను బండి తెర మీద చూపే యాపిల్ కార్‌ప్లే ఉన్న మొదటి మోటార్‌సైకిల్ 2018 గోల్డ్‌వింగ్. అయితే అందులో ఫోనును తీగతో కలిపితే సరిపోదు. హెల్మెట్ హెడ్‌సెట్ కూడా కలిసి ఉంటేనే కార్‌ప్లే తెర మీదికి వస్తుంది. అది తెలియక యూఎస్‌బీ తీగలు మార్చి మార్చి చూసినవారు నాకు తెలుసు.

యూఎస్‌బీ ఉన్నవారికి పని చాలా తేలిక. పెన్‌డ్రైవ్‌ను ఎఫ్ఏటీ32 పద్ధతిలో ఫార్మాట్ చేసి, ఎంపీ3 పాటలను ఫోల్డర్లుగా సర్ది గుచ్చితే చాలు. ఇప్పటి పెద్ద పెన్‌డ్రైవ్‌లు దుకాణం నుంచి ఎక్స్‌ఫ్యాట్ పద్ధతిలో వస్తాయి. పాత బండి రేడియోలు వాటిని చదవలేవు, తెర మీద ఖాళీ అని చూపిస్తాయి. ఆండ్రాయిడ్ ఫోనును యూఎస్‌బీ తీగతో కలిపినా చాలా పాత రేడియోలకు దానిలో పాటలు కనిపించవు. అవి ఫోనును పెన్‌డ్రైవ్‌లా చూడాలని ఆశిస్తాయి, ఫోను అలా కనిపించదు. ఆ పేచీ పెట్టుకోకుండా పెన్‌డ్రైవ్ వాడండి.

ఇక మిగిలింది ఆక్స్. ఈ వ్యాసంలో ఎక్కువ భాగం దాని గురించే. తప్పులు జరిగేది అక్కడే. చక్కగా కుదిరితే ఇరవై ఏళ్ళ బండిలో కూడా కొత్త బండికి తీసిపోని ధ్వని వచ్చేదీ అక్కడే.

ఏ ప్లేయర్ వాడాలి

ఐపాడ్ క్లాసిక్ మీ దగ్గర ఉంటే ఒక మాట గుర్తుంచుకోండి. దాని లోపల 1.8 అంగుళాల హార్డ్‌డిస్క్ తిరుగుతూ ఉంటుంది. బండి అదురు దానికి శత్రువు. హ్యాండిల్‌కు బిగించకూడదు. మెత్తటి స్పాంజి మధ్య డిక్కీలో ఉంచాలి. హార్డ్‌డిస్క్ తీసి మెమరీ కార్డు వేసుకునే చిన్న బోర్డులు దొరుకుతాయి, ఓపిక ఉన్నవారు అలా మార్చుకోవచ్చు. ఐపాడ్ నానో, షఫుల్‌లలో తిరిగే భాగాలు లేవు కనుక అదురు భయం లేదు. యాపిల్ 2022 మే నెలలో ఐపాడ్‌ల అధ్యాయం ముగించింది. అయినా పాతవి ఇంకా చాలా ఇళ్ళలో సొరుగుల్లో ఉన్నాయి, బండికి అవి అచ్చంగా సరిపోతాయి.

పాత ఫోను కూడా మంచిదే. సిమ్ తీసేసి, పాటలు నింపి, బండికే అంకితం చేయండి. రోజూ వాడే ఖరీదైన ఫోనును మాత్రం హ్యాండిల్ మీద పెట్టి పాటలు పెట్టుకోకండి. శక్తిమంతమైన మోటార్‌సైకిల్ ఇంజన్ల అదురు ఐఫోన్ కెమెరాలోని కుదుపు నివారణ భాగాలను పాడు చేయవచ్చని యాపిల్ సంస్థే 2021 సెప్టెంబరులో హెచ్చరించింది.

ఫోనుకు ఇయర్‌ఫోను జాక్ లేకపోతే అడాప్టర్ కావాలి. యూఎస్‌బీ-సీ ఫోనులకు దొరికే అడాప్టర్లలో రెండు జాతులున్నాయి. కొన్నింటిలో డిజిటల్ పాటను ధ్వనిగా మార్చే చిప్పు లోపలే ఉంటుంది, దాన్ని డీఏసీ అంటారు. కొన్నింటిలో ఉండదు. చిప్పు ఉన్నదే కొనండి, అది దాదాపు అన్ని ఫోనులకూ పనిచేస్తుంది.

పాట కలపడం

1. తీగ ఎంచుకోండి. రెండు వైపులా 3.5 మిల్లీమీటర్ల పిన్నులున్న స్టీరియో తీగ కావాలి. పిన్ను మీద నల్ల గీతలు లెక్కపెట్టండి. రెండు గీతలుంటే అది స్టీరియో. మూడు గీతలుంటే మైకు కూడా ఉన్న రకం, దాన్ని పక్కన పెట్టండి. పిన్ను తిన్నగా ఉండేదాని కన్నా ఎల్ ఆకారంలో వంగినది మేలు, కుదుపులకు జాక్ మీద బరువు పడదు. అవసరమైనంత పొడవే తీసుకోండి. మీటరు చాలే చోట మూడు మీటర్ల తీగ చుట్టి పెడితే అది చప్పుళ్ళను పోగుచేసుకుంటుంది.

2. బండి తాళం తిప్పండి, ఇంజను స్టార్ట్ చేయవద్దు. రేడియోను ఆక్స్‌కు మార్చండి. ప్లేయర్ తన బ్యాటరీ మీదే ఉండాలి, చార్జర్ ఏదీ తగిలి ఉండకూడదు. బండి వాల్యూమ్ బాగా తగ్గించి పిన్ను గుచ్చండి.

3. మీకు బాగా తెలిసిన పాట పెట్టండి. ఇక్కడ ఒక చిన్న పరీక్ష ఉంది. కొత్త స్టీరియో పాటలో వాద్యాలు వినిపిస్తూ గాయకుడి గొంతు మాయమైతే, పిన్నులోని ఎర్త్ భాగం తగలడం లేదని అర్థం. గొంతును సాధారణంగా ఎడమ, కుడి స్పీకర్లలో సమానంగా పంచుతారు. ఎర్త్ తెగితే ఆ రెండూ ఒకదానినొకటి కొట్టివేసుకుంటాయి. ఇదే లోపంతో 1950లు, 60ల నాటి పాత తెలుగు పాట పెడితే మొత్తం పాటే దాదాపు మాయమవుతుంది. అవి మోనో రికార్డింగులు, రెండు వైపులా ఒకే ధ్వని. కొత్త పాట సగం వినిపించి పాత పాట అసలు వినిపించకపోతే తప్పు పాత ఫైలుది అనుకోకండి, పిన్నును చూడండి.

4. ఇప్పుడు వాల్యూమ్ లెక్క. మీ దగ్గర రెండు వాల్యూమ్‌లు ఉన్నాయి, ప్లేయర్‌ది ఒకటి, బండిది ఒకటి. ప్లేయర్‌ను నాలుగింట మూడు వంతుల నుంచి ఐదింట నాలుగు వంతుల మధ్య పెట్టి వదిలేయండి. ఆ తరువాత తిప్పేదంతా బండి వాల్యూమే. ప్లేయర్‌ను తక్కువగా పెట్టి బండిని పెంచితే వెనక ఉష్ మనే రొద పెరుగుతుంది. ప్లేయర్‌ను నూటికి నూరు పెడితే కొన్ని ప్లేయర్లలో గొంతు చివర చిరిగినట్టు వినిపిస్తుంది. నాదస్వరం పాట పెట్టి చూస్తే చిరుగు తొందరగా దొరుకుతుంది. అది మొదలయ్యే చోటు నుంచి రెండు మెట్లు దించండి.

5. ఎఫ్‌ఎం రేడియోకూ ఆక్స్‌కూ మధ్య మార్చి చూడండి. రెండూ ఇంచుమించు ఒకే స్థాయిలో వినిపించాలి. గోల్డ్‌వింగ్ వంటి బండ్లలో వేగాన్ని బట్టి వాల్యూమ్ తనంతట పెరిగే ఏర్పాటు ఉంటుంది. ఆక్స్ మరీ నీరసంగా ఉంటే మీరు బండి వాల్యూమ్‌ను ఎక్కువ పెంచి ఉంచుతారు. తరువాత ఎప్పుడో రేడియోకు మార్చగానే చెవిలో పిడుగు పడుతుంది.

పాత 30 పిన్నుల ఐపాడ్ ఉన్నవారికి ఇంకా మంచి దారి ఉంది. కింద ఉండే వెడల్పాటి కనెక్టరు నుంచి లైన్ అవుట్ తీగ తీసుకోండి. అది ఇయర్‌ఫోను కోసం పెంచిన ధ్వని కాదు, వాల్యూమ్ మీటతో సంబంధం లేని స్థిరమైన ధ్వని. రెండు వాల్యూమ్‌ల గొడవే ఉండదు. 2012లో లైట్నింగ్ కనెక్టరు వచ్చాక ఐపాడ్‌లలో ఆ సౌకర్యం పోయింది. నాకు ఇప్పటికీ అందుకే పాత ఐపాడ్ అంటే ఇష్టం.

6. ఇప్పుడు ఇంజను స్టార్ట్ చేయండి. గ్యారేజీ తలుపు మూసి ఈ పరీక్ష చేయకండి. బండిని బయటికి తోసి చేయండి. పొగలోని కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు, నిమిషాల్లో ప్రాణం మీదికి తెస్తుంది. ఇంజను నడుస్తుండగా ప్లేయర్ మీద పాటను ఆపండి, కానీ తీగ అలాగే ఉంచండి. నిశ్శబ్దం ఉండాలి. యాక్సిలరేటర్ కొంచెం తిప్పి వినండి. అప్పుడూ నిశ్శబ్దమే ఉంటే మీ ఆడియో తీగ సవ్యంగా ఉంది. చార్జర్ లేకుండానే టిక్ టిక్ మనే చప్పుడు ఇంజను వేగంతో పాటు పెరుగుతుంటే తీగ ఇగ్నిషన్ కాయిల్ దగ్గరగా పోతోంది, దారి మార్చండి.

చాలామందికి ఇక్కడితో పని అయిపోతుంది. ఐపాడ్ నానో ఒకసారి చార్జింగ్ పెడితే ఒక రోజు ప్రయాణానికి సరిపోతుంది. రాత్రి హోటల్లో గోడకు పెట్టి మళ్ళీ ఉదయం తగిలించుకోండి. బండి తీగలను తాకకుండా పని జరిగితే అదే మంచి పని.

చార్జింగ్ కావాలనుకుంటే

బండి బ్యాటరీ నిలకడగా ఉన్నప్పుడు 12.6 వోల్టుల దగ్గర, ఇంజను నడుస్తున్నప్పుడు సుమారు 13.5 నుంచి 14.5 వోల్టుల మధ్య ఉంటుంది. ప్లేయర్‌కు కావలసింది 5 వోల్టులు. మధ్యలో యూఎస్‌బీ కన్వర్టర్ కావాలి. 5 వోల్టులు, 2 ఆంపియర్లు అంటే 10 వాట్లు. నష్టం కలుపుకున్నా బండి వైపు నుంచి 1 ఆంపియరు తీసుకుంటుంది. అందుకని 2 లేదా 3 ఆంపియర్ల ఫ్యూజు చాలు. ఇరవై ఆంపియర్ల ఫ్యూజు వేస్తే అది తీగను కాపాడదు. తీగ కాలిపోయాక కూడా ఫ్యూజు బాగానే ఉంటుంది. ఫ్యూజు బ్యాటరీకి దగ్గరగా ఉండాలి. కన్వర్టర్ పక్కన పెడితే మధ్యలో తీగ ఒరుసుకుపోయి బాడీకి తగిలినప్పుడు కాపాడే దిక్కుండదు.

కరెంటు ఎక్కడ నుంచి తీయాలి? బండికి యాక్సెసరీ కనెక్షన్ ఇచ్చి ఉంటే అక్కడ నుంచే. హెడ్‌లైటు తీగనో ఏబీఎస్‌కు వెళ్ళే తీగనో గోకి అతికించకండి. మల్టీమీటర్ పెట్టి చూడండి, తాళం తిప్పితే 12 వోల్టులు రావాలి, తాళం తీస్తే సున్నా కావాలి. తాళం తీసినా కరెంటు ఉండే చోట కన్వర్టర్ కలిపితే రెండు వారాలు బండి కదపని సమయంలో అది బ్యాటరీని పీల్చేస్తుంది. పని మొదలుపెట్టేముందు బ్యాటరీ నెగటివ్ ముందు విప్పండి, పని అయ్యాక దాన్ని చివర బిగించండి. పాజిటివ్ ముందు విప్పితే స్పానర్ బాడీకి తగిలినప్పుడు నిప్పులు రాలతాయి.

కలిపారు. పాట పెట్టి ఇంజను స్టార్ట్ చేశారు. ఆ కూత వచ్చింది. ఇప్పుడు మీరు కంగారు పడనక్కరలేదు, ఎందుకంటే చార్జర్ లేనప్పుడు నిశ్శబ్దంగా ఉందని మీకు ముందే తెలుసు.

ఆ కూత ఎందుకు వస్తుంది

ప్లేయర్ ఇప్పుడు బండికి రెండు దారుల్లో ఎర్త్ అయింది. ఒకటి ఆడియో తీగ పై అల్లిక ద్వారా రేడియోకు. రెండోది చార్జర్ నెగటివ్ ద్వారా బండి బాడీకి. రేడియో ఎర్త్ అయిన చోటు, చార్జర్ ఎర్త్ అయిన చోటు ఒకటి కావు. బాడీ గుండా ఆల్టర్నేటర్ (ఇంజను తిప్పగా కరెంటు పుట్టించే యంత్రం), లైట్లు, ఇగ్నిషన్‌ల కరెంటంతా పారుతుంటుంది కనుక ఆ రెండు చోట్ల మధ్య అతి చిన్న వోల్టేజి తేడా ఉంటుంది. అది ఆల్టర్నేటర్ తిరిగే వేగంతో పాటు పైకీ కిందికీ ఊగుతుంది. రెండు మడుగుల నీటిమట్టాలు మాటిమాటికీ మారుతుంటే మధ్యలో చిన్న కాలువ తవ్వితే నీరు ఆగకుండా అటూ ఇటూ పారదా? ఆడియో తీగ అల్లిక అలాంటి కాలువ. దానిలో పారిన ఆ కాస్త కరెంటును రేడియో పాటలో భాగమనుకుని స్పీకర్లకు పంపుతుంది. దీన్నే గ్రౌండ్ లూప్ అంటారు.

దీనికి మూడు మందులున్నాయి, ఖర్చు తక్కువదానితో మొదలుపెట్టండి.

ఖర్చు లేనిది మొదటిది. చార్జర్ నెగటివ్‌ను రేడియో ఎర్త్ అయిన చోటుకే తెచ్చి బిగించండి. రెండు దారులూ ఒకే చోట కలిస్తే తేడా తగ్గుతుంది. బోల్టు కింద రంగు, తుప్పు గోకి లోహం మెరిసేలా చేయడం మరచిపోవద్దు. సగం బండ్లలో కూత దీనితోనే బాగా తగ్గడం నేను చూశాను.

రెండోది ఆడియో తీగ మధ్యలో గ్రౌండ్ లూప్ ఐసొలేటర్ పెట్టడం. అగ్గిపెట్టె కన్నా కొంచెం పెద్ద డబ్బా, అటూ ఇటూ 3.5 మిల్లీమీటర్ల తీగలు ఉంటాయి. లోపల రెండు బుల్లి ట్రాన్స్‌ఫార్మర్లు ఉంటాయి. పాట అయస్కాంత క్షేత్రం ద్వారా ఇటునుంచి అటు దాటుతుంది. తీగకు తీగ తగలదు కనుక కాలువ తెగిపోతుంది. చవక ఐసొలేటర్లు లోతైన ధ్వనిని కొంత మింగుతాయి. మృదంగంలో సన్నగా మోగే వలంతర వైపు అలాగే పలుకుతుంది, లోతుగా మోగే తొప్పి వైపు మాత్రం పలచబడుతుంది. ఇంట్లో వింటే ఆ లోటు నాకు నచ్చదు. రోడ్డు మీద గంటకు 65 మైళ్ళ వేగంలో ఆ లోతు ఎలాగూ గాలిలో కలిసిపోతుంది కనుక బండి వరకు నాకు సమ్మతమే.

మూడోది ఐసొలేటెడ్ కన్వర్టర్. అంటే 12 వోల్టుల వైపుకూ 5 వోల్టుల వైపుకూ ఎర్త్ కలవని కన్వర్టర్. ఆడియో తీగను ముట్టుకోకుండా చార్జింగ్ దారినే తెంచుతుంది. ధర ఎక్కువ, ధ్వని నష్టం లేదు. సంగీతం మీద ప్రాణం పెట్టేవారికి ఇదే నా సలహా.

కొన్నిసార్లు కూత ఇంజను వేగంతో మారదు, ఒకే స్థాయిలో చిన్న ఈలలా ఉంటుంది. ఇంజను ఆపినా ఉంటుంది. అది నాసిరకం కన్వర్టర్ చేసే చప్పుడు. దాన్ని మార్చడమే పరిష్కారం. గతుకులు వచ్చినప్పుడే బరబరమంటే పిన్ను వదులు. ఇలా చెవితోనే సగం రోగనిర్ణయం చేయవచ్చు.

బ్లూటూత్‌తో తప్పించుకోవచ్చా

ఆక్స్ జాక్‌లో గుచ్చే చిన్న బ్లూటూత్ రిసీవర్లు దొరుకుతాయి. ఫోను జేబులో ఉంటుంది, పాట గాలిలో వస్తుంది. మంచి పద్ధతే. కానీ రిసీవర్‌ను కూడా బండి యూఎస్‌బీ నుంచే చార్జ్ చేస్తే అదే రెండు దారుల కథ మళ్ళీ మొదలవుతుంది, అదే కూత మళ్ళీ వస్తుంది. రిసీవర్‌ను దాని సొంత బ్యాటరీ మీద నడపండి, లేదా ఐసొలేటర్ పెట్టండి.

ఆక్స్ లేని మరీ పాత బండి అయితే, క్యాసెట్ ప్లేయర్ ఉన్నవారికి క్యాసెట్ ఆకారపు అడాప్టర్ చక్కగా పనిచేస్తుంది. ఎఫ్‌ఎం ట్రాన్స్‌మిటర్‌ను మాత్రం నేను సిఫారసు చేయను. పెద్ద ఊరు దగ్గరపడే కొద్దీ ఖాళీగా ఉన్న స్టేషను నిండిపోతుంది, మీ పాట మీదికి ఎవరిదో ప్రకటన వచ్చి కూర్చుంటుంది.

మన ఊళ్ళలో బండ్లకు చాలావరకు స్పీకర్లే ఉండవు, హ్యాండిల్ దగ్గర చార్జింగ్ పోర్టు మాత్రం ఉంటుంది. అక్కడ హ్యాండిల్‌కు చిన్న స్పీకరు బిగించుకుని ఫోనును తీగతో కలిపేవారికి కూడా పైన చెప్పిన క్రమం వర్తిస్తుంది. ఫోనును చేత్తో పట్టుకుని నడపడం మోటారు వాహనాల చట్టంలోని 184వ సెక్షన్ కింద ప్రమాదకరమైన డ్రైవింగ్, 2019 సవరణలో ఆ మాట స్పష్టంగా చేర్చారు. కనుక పాట మార్చడానికి ఫోను చేతికి తీసుకోవద్దు.

తీగల దారి

అంతా బాగా వినిపించాక తీగలను శాశ్వతంగా పరచండి. ముందు ఒక పరీక్ష. బండిని మెయిన్ స్టాండు మీద నిలబెట్టి హ్యాండిల్‌ను పూర్తిగా ఎడమకు, పూర్తిగా కుడికి తిప్పండి. తీగ ఎక్కడా బిగియకూడదు, నలగకూడదు, హ్యాండిల్‌ను ఆపకూడదు. పార్కింగ్‌లో మెల్లగా మలుపు తిప్పేటప్పుడు హ్యాండిల్ తీగకు చిక్కితే బండి పడుతుంది. ఇంజను పైభాగానికి, సైలెన్సర్‌కు దూరంగా పోనివ్వండి. ఆడియో తీగ, కరెంటు తీగ పక్కపక్కనే సాగకుండా చూడండి. ఒకదాన్ని ఒకటి దాటవలసి వస్తే అడ్డంగా దాటనివ్వండి. లోహపు అంచు దాటే ప్రతిచోటా రబ్బరు గొట్టం తొడగండి. జిప్ టైలు చేత్తో తిప్పితే తీగ కదిలేంత వదులుగా బిగించండి.

ప్లేయర్ కోసం డిక్కీలో చిన్న ప్లాస్టిక్ డబ్బా పెట్టి లోపల స్పాంజి కోసి అమర్చాను నేను. డబ్బా గోడకు తీగ పట్టేంత రంధ్రం చేసి, తీగ దిగువకు ఒక వంపు తిరిగి అప్పుడు లోపలికి వెళ్ళేలా పెట్టాను. తీగ మీద జారే వాన నీరు ఆ వంపు దగ్గర కిందికి కారిపోతుంది, లోపలికి రాదు. జాక్ దగ్గర తీగను ఒక చుట్టు చుట్టి డబ్బాకు కట్టండి. ఎవరైనా పొరపాటున లాగినా బరువు ఆ కట్టు మీద పడుతుంది, జాక్ మీద పడదు. రేడియోలోని జాక్ విరిగితే దాన్ని మార్చడానికి ఫెయిరింగ్ సగం విప్పాలి.

ఎండ సంగతి కూడా చూడండి. యాపిల్ తన ఐఫోన్లను 0 నుంచి 35 డిగ్రీల సెల్సియస్ మధ్యే వాడమంటుంది, 45 డిగ్రీలకు మించిన చోట ఉంచవద్దంటుంది. ఆగస్టులో ఇక్కడ నీడలోనే 40 ఉంటుంది. మన రాయలసీమ, తెలంగాణ వేసవులు ఇంకా ఘోరం. ఎండలో ఆపిన నల్ల డిక్కీలో అంతకన్నా ఎక్కువ. భోజనానికి ఆగినప్పుడు ప్లేయర్ తీసి జేబులో వేసుకోండి.

ఏ పాటలు ఎలా సర్దాలి

పాటల వరుస ఇంటి దగ్గరే సిద్ధం చేసుకోండి. బండి మీద వెతకడం అంటూ ఉండకూడదు. ఒక్కో వరుస గంటన్నర ఉంచుతాను, పెట్రోలు కోసం ఆగే సమయానికి అది అయిపోతుంది. ఆగినప్పుడు తరువాతిది పెడతాను.

మన పాటలతో ఒక ఇబ్బంది ఉంది. 1950ల పాట నెమ్మదిగా, ఇప్పటి పాట మూడింతలు గట్టిగా రికార్డు అయి ఉంటాయి. రెండూ కలిపితే వాల్యూమ్ మీట మీదే బొటనవేలు ఉంటుంది. ఐపాడ్, ఐఫోన్‌లలో సౌండ్ చెక్ అనే అమరిక ఉంది, అన్ని పాటల స్థాయినీ దగ్గరకు తెస్తుంది, దాన్ని ఆన్ చేయండి. కంప్యూటర్‌లో పాటలు సర్దుకునేవారు అదే పని చేసే రీప్లేగెయిన్ లెక్క వేయించుకోవచ్చు. మోనో పాటను కాపీ చేసినవారి పొరపాటు వల్ల కొన్నిసార్లు ఎడమ స్పీకరులోనే ఉంటుంది. అలాంటి ఫైలును సరిచేసి పెట్టుకోండి, లేకపోతే స్పీకరు పోయిందని మీరు కంగారు పడతారు.

కచేరీ రికార్డింగుల్లో ఆలాపన మొదట్లో తంబుర మీద సన్నగా సాగుతుంది. హైవే మీద అది వినిపించదు, పెంచితే మృదంగం వచ్చేసరికి అదిరిపోతుంది. టెక్సస్‌లోని లేకీ ఊరి చుట్టుపక్కల 335, 336, 337 రాంచ్ రోడ్ల మలుపుల్లో నెమ్మదిగా వెళ్ళేటప్పుడు కచేరీ పెట్టండి, అక్కడ ఆలాపన వినిపిస్తుంది. నేరుగా సాగే హైవేకు నాదస్వరం, గట్టి గొంతున్న సినిమా పాటలు సరిపోతాయి. పాత పాటల్లో వయొలిన్లు గాలికి కొట్టుకుపోతాయి గానీ గొంతు నిలబడుతుంది. ఆ రోజుల్లో గొంతును అన్నింటికన్నా ముందు నిలబెట్టి రికార్డు చేశారు. నా భార్య వెనక కూర్చుని ఆ పాటలతో గొంతు కలుపుతుంది, గాలిలో సగమే వినిపించినా చాలు.

చెవుల సంగతి

హైవే వేగంలో హెల్మెట్ లోపల గాలి హోరు 90 డెసిబెల్స్ దాటుతుంది. పాట దాన్ని మించి వినిపించాలంటే ఇంకా పెంచాలి. అమెరికాలో పనివారి ఆరోగ్యాన్ని చూసే నియోష్ సంస్థ 85 డెసిబెల్స్ శబ్దానికి రోజుకు 8 గంటల హద్దు పెట్టింది. ప్రతి 3 డెసిబెల్స్‌కూ ఆ సమయం సగమవుతుంది. 100 డెసిబెల్స్ దగ్గర మిగిలేది 15 నిమిషాలు. నురుగు ఇయర్‌ప్లగ్గులు పెట్టుకుని స్పీకర్లలో వినండి. గాలి హోరు తగ్గుతుంది, పాట ఇంకా స్పష్టమవుతుంది, వెనక వచ్చే అంబులెన్సు సైరన్ కూడా తెలుస్తుంది. రెండు చెవుల్లో పాటల ఇయర్‌ఫోన్లు పెట్టి నడపడం కాలిఫోర్నియాలో నేరం. రాష్ట్రాల మధ్య తిరిగేవారు ప్రతి రాష్ట్రం నిబంధన చూసుకోవాలి.

మొదటి వాన తరువాత

మొదటి వానలో తడిసి ఇంటికి వచ్చిన రోజు డబ్బా తెరవండి. స్పాంజిని వేలితో నొక్కి తడి ఉందేమో చూడండి. పిన్ను బయటికి లాగి పచ్చటి తుప్పు పట్టిందేమో చూసి, పొడి గుడ్డతో తుడిచి గుచ్చండి. శీతాకాలంలో బండిని నెలల తరబడి ఆపేవారు ప్లేయర్‌ను ఇంట్లోకి తెచ్చుకోవాలి. బ్యాటరీ నిండుగానూ కాక, ఖాళీగానూ కాక సగం చార్జింగ్‌తో పెట్టండి. వసంతంలో మళ్ళీ తీసినప్పుడు వెనక పలక కొంచెం ఉబ్బినట్టు, బల్ల మీద పెడితే ఊగినట్టు కనిపిస్తే లోపల బ్యాటరీ ఉబ్బిందని అర్థం. దాన్ని చార్జింగ్ పెట్టవద్దు, బండిలో పెట్టవద్దు. పాత బ్యాటరీలు తీసుకునే చోట ఇచ్చేసి, ఇంకొక ప్లేయర్‌తో రెండో మెట్టు నుంచి మళ్ళీ మొదలుపెట్టండి.